వంకలో వెనక వచ్చిన బండి

నమ్మితే నమ్మండి, లేకుంటే లేదు. ఆ ఎద్దులు బతికుంటే వాటినే సాక్ష్యానికి పిలిచేవాణ్ణి...

మా ఊరి వంక తెలుసుగా? కొండల్లో పుట్టి, మా చెరకు తోటలను ఒరుసుకుంటూ పోయి నీవా ఏట్లో కలుస్తుంది. వానలు లేకపోతే ఒట్టి ఇసుక. డెబ్బైల్లో మాకు అదే చిత్తూరుకు బండ్లబాట.

ఆ రాత్రి బండి నిండా బెల్లం. మా ఏడాది చెమటంతా ఆ అచ్చుల్లోనే ఉంది. తోడుగా మా బామ్మర్ది మునిరత్నం. నిద్ర చెడుతుందని ఎద్దుల గంటల్లో చెరకాకు కుక్కి మరీ పడుకున్నాడు మహారాజు!

చుట్టూ నిశ్శబ్దం... చక్రాల కింద ఇసుక కరకర... అంతే.

అప్పుడు వినిపించింది. వెనకనుంచి... ఘల్లు... ఘల్లు...

"రత్నం, లెయ్‌రా. యాదో బండి వస్తా ఉండాది."

"రానీ బావా. వంకేమన్నా మీ నాయన తవ్వించినాడా?"

ఆ చోట వంక ఇరుకు. బరువు బండి తప్పుకుని, వడిగా వచ్చేవాళ్ళకు దారివ్వడం మా పక్క మర్యాద. అందుకని ఒడ్డెక్కించాను. ఇద్దరం దిగి చక్రాలు నెట్టేసరికి తలప్రాణం తోకకొచ్చింది.

గంటలు దగ్గరయ్యాయి... ఇంకా దగ్గర... లాంతరు ఎత్తిపట్టాను. గాజంతా మసి... కనిపించినంత మేర ఇసుకే. గంటలు మాత్రం మా ముందునుంచే వెళ్ళాయి. మా ఎద్దులు రెండూ... మెల్లగా... తలలు తిప్పుతూ... దేన్నో సాగనంపాయి. చుట్ట వాసన కూడా వచ్చింది!

"ఎవురప్పా అది?" అని రత్నం అరిచాడు.

ఘల్లు... ఘల్లు... దిగువకు పోయింది.

మళ్ళీ వంకలోకి దిగకుండా ఎద్దుల పగ్గాలు పట్టుకుని ఒడ్డునే నిలబడ్డాను. అంతలో ఎగువనుంచి 'హో' అని ఒకటే మోత. ఎక్కడో కొండల్లో కురిసిన వాన... చెట్టూ చేమా దొర్లించుకుంటూ వచ్చి, మేం అప్పుడే ఎక్కొచ్చిన చోటును ముంచెత్తింది. మాది ఒక్క అచ్చు కూడా తడవలేదు! భయమూ సంతోషమూ కలిసి ఇద్దరం పిచ్చివాళ్ళలా నవ్వాం.

"గంటలూ లేవు, గాడిద గుడ్డూ లేదు. అది నీ పండ్లు కొట్టుకున్న సప్పుడే బావా," అంటాడు రత్నం ఇప్పటికీ. మరి వాడెందుకు అరిచినట్టు?

నీళ్ళు తీశాక దిగువ ఊళ్ళన్నీ అడిగాం. ఎవరి బండీ కొట్టుకుపోలేదన్నారు. అయినా నా మనసు కుదుటపడదు. ఆ బండివాడొస్తున్నాడనే కదా మేం ఒడ్డెక్కాం... తనేమో ఆ వరదొచ్చే ఇసుకలోనే పోయాడు. అది దయ్యమే అయ్యుండాలని ఇప్పటికీ దేవుడికి దండం పెట్టుకుంటాను.