కన్నమ్మ రేకుల ఇంటి ఖరీదు

కన్నమ్మకి ఇంటి మీద ఆశ పుట్టింది ఫిజీ దీవుల్లోని ద్రాసాలో, కూలీలు ఉండే లైన్లలో. పాలకొండ వైపు నుంచి మద్రాసు వచ్చి ఓడెక్కిన మనిషి ఆమె. కూలీల్ని ఓడెక్కించే డిపోలోనే గంగయ్యని మనువాడింది. అయిదేళ్ళ గిర్మిట్, అంటే కూలి ఒప్పందం మీద ఇద్దరూ వేలిముద్రలు వేసి ఫిజీలో దిగితే, చెరకు కంపెనీ వాళ్ళకిచ్చిన గది పది అడుగుల పొడుగు, ఏడడుగుల వెడల్పు. గదికీ గదికీ నడుమ చెక్కగోడ ఉండేది గాని అది కప్పు దాకా వెళ్ళేది కాదు. గాలి ఆడాలని దొరలు అలా కట్టించారట. గాలితో పాటు పక్కగది పొగ, దగ్గు, తాగిన మాటలు, అన్నీ ఇటు వచ్చేవి. ఇటు మాట అటు వెళ్ళేది.

ఆ గదిలోనే వాళ్ళకి మొదటి కొడుకు పుట్టాడు. ఏడో నెలలో రక్తవిరేచనాలు పట్టుకున్నాయి. పిల్లవాడు ఆగకుండా ఏడుస్తుంటే గోడ మీదుగా ఎవరో, "నోరు మూయించవే!" అని అరిచారు. కన్నమ్మ బిడ్డ నోటికి అరచెయ్యి అడ్డం పెట్టింది. పనికి వెళ్ళకపోతే కోర్టు, జుల్మానా. కాబట్టి మూడు రోజులూ బిడ్డని లైన్లో ముసలావిడకి అప్పగించి వెళ్ళింది. మూడో రోజు మధ్యాహ్నం తోటలోంచి వచ్చేసరికి పిల్లవాడు ఏడవడం లేదు.

 చాలాకాలానికి ఒకరోజు గంజి కాస్తూ, "మావా, గోడ కప్పుకి తగిలే ఇల్లొకటి గావాల నాకు," అంది. గంగయ్య తల ఊపాడు. అంతే.

పంతొమ్మిది వందల పదిలో గిర్మిట్ తీరింది. మరో అయిదేళ్ళు ఆగితే తిరుగు ఓడ ఉత్తినే ఇస్తారన్నారు గాని, బిడ్డని పాతిన నేల వదిలి పోవడానికి కన్నమ్మకి మనసొప్పలేదు. ద్రాసాలోనే కాయివీతీల భూమి పది ఎకరాలు కౌలుకి పట్టారు. కాయివీతీలంటే ఆ నేలకి సొంతదారులైన ఫిజీ జనం. వాళ్ళ పెద్ద, సేరు అనేవాడు, తన మనుషుల్ని తీసుకొచ్చి రెండు రోజుల్లో గడ్డి గుడిసె నిలబెట్టి ఇచ్చాడు. మత్తిచ్చే యంగోనా వేరు నీళ్ళలో పిసికి తాగి, నవ్వి, డబ్బు ముట్టకుండా వెళ్ళిపోయారు. గుడిసె చల్లగానే ఉండేది. కాని గడ్డి గోడల్లో జెర్రులు చేరేవి, వానాకాలంలో కప్పు కారేది. కన్నమ్మ కళ్ళు మాత్రం మిల్లు దారిలో కనిపించే రేకుల ఇళ్ళ మీదే ఉండేవి.

ద్రాసాలో కొట్టు పెట్టుకున్న రామ్ లాల్ దగ్గర అప్పు పుడుతుందని అందరికీ తెలుసు. అతనూ గిర్మిట్ మనిషే, వీళ్ళకంటే ఇరవై ఏళ్ళ ముందు కలకత్తా ఓడలో వచ్చాడు. అతని వీపు మీదా కొరడా మచ్చలున్నాయి. ఆ ఏడు చెరకు ఆడడం అయ్యాక గంగయ్య, కన్నమ్మ ఇద్దరూ కొట్టుకి వెళ్ళారు.

"నలభై పౌన్లు ఇస్తాను గంగయ్య భాయీ," అన్నాడు రామ్ లాల్ హిందుస్తానీలో. "నెలకి పౌనుకి ఆరు పెన్నీలు వడ్డీ. నెల నెలా నా చుట్టూ తిరగక్కర్లేదు. చెరకు డబ్బు చేతికొచ్చినప్పుడు ఏడాదికోసారి కట్టు. కౌలు కాగితం, కట్టే ఇల్లు తాకట్టు."

గంగయ్య భార్య వైపు తిరిగి తెలుగులో అన్నాడు. "ఆరు పెన్నీలంట. సగం రోజు కూలి."

గిర్మిట్‌లో మగవాడి రోజు పనికి ఒక షిల్లింగు, అంటే పన్నెండు పెన్నీలు. ఆడదానికి తొమ్మిది. ఆరు పెన్నీలు ఎంత చిన్నవో వాళ్ళకి తెలిసినట్టు ఎవరికీ తెలియదు. నలభై పౌన్లకి నలభై సార్లు ఆరు పెన్నీలని, అది నెలకి ఒక పౌను అని, ఏడాదికి పన్నెండు అని రామ్ లాల్ వేళ్ళు మడిచి చూపించాడు కూడా. అతను ఏమీ దాచలేదు. వాళ్ళు అడగాల్సింది ఒకటి అడగలేదు, అంతే. కాగితం మీద ఇద్దరి వేలిముద్రలూ పడ్డాయి.

వడ్రంగి రాందాస్ ఇరవై రోజుల్లో ఇల్లు లేపాడు. రెండు గదులు, చెక్క పలకల నేల, గొళ్ళెం ఉన్న తలుపు, పైన ఇరవై ఎనిమిది రేకులు. పని అయిన రోజు కన్నమ్మ సబ్బు పెట్టె మీద ఎక్కి నిలబడి, గోడా కప్పూ కలిసే చోట వేలు పెట్టి ఆ మూల నుంచి ఈ మూల దాకా నడిపించింది. ఎక్కడా సందు లేదు. ఆ ఇంట్లోనే మరుసటి ఏడు కూతురు పుట్టింది. బసంతి అని పేరు పెట్టారు. పిల్ల ఎంత ఏడ్చినా నోటికి చెయ్యి అడ్డం పెట్టేవాళ్ళు లేరు. ఆ ఏడుపు వింటూ కన్నమ్మ నవ్వేది.

మూడేళ్ళు బాగానే నడిచింది. చెరకు మిల్లుకి తోలాక, కోత కూలి, కౌలు, కంపెనీ పట్టుకునేవన్నీ పోను ఇరవై పౌన్లో ఇరవై రెండో చేతికొచ్చేవి. అందులో పన్నెండు రామ్ లాల్‌కి. మిగిలింది ఉప్పూ పప్పూ గుడ్డా. అప్పు చేసి పప్పుకూడు తిన్నవాళ్ళు కాదు వాళ్ళు. పప్పు తగ్గించి మరీ వడ్డీ కట్టారు. ఒక్క ఏడు ఆలస్యం చెయ్యలేదు.

నాలుగో ఏడు గాలివాన వచ్చింది. ఇల్లు నిలబడింది. సేరు వాళ్ళ గుడిసెలన్నీ పడిపోతే పదిమంది వచ్చి కన్నమ్మ ఇంట్లో తలదాచుకున్నారు. చెరకు మాత్రం నేలకి పరుచుకుపోయి, ఉప్పుగాలికి ఎండి, మిల్లు వాళ్ళు తీసుకోనే లేదు. ఆ ఏడు గంగయ్య ఒట్టి చేతులతో కొట్టుకి వెళ్ళాడు.

"గాలివాన నాకూ వచ్చింది భాయీ," అన్నాడు రామ్ లాల్. "నిన్ను ఇబ్బంది పెట్టను. ఈ పన్నెండూ అసల్లో కలిపేస్తాను. యాభై రెండు."

గంగయ్య దణ్ణం పెట్టి వచ్చేశాడు. మంచివాడు, గడువిచ్చాడు అని ఇంట్లో చెప్పాడు. ఆ గడువు ఏడాదికి మూడు పౌన్ల పన్నెండు షిల్లింగులు ఎక్కువ తింటుందని తరవాతి చెరకు డబ్బు చేతికొచ్చినప్పుడు గాని తెలియలేదు. పన్నెండు పోయి పదిహేను పౌన్ల పన్నెండు షిల్లింగులైంది వడ్డీ. పైగా ఎక్కడో యుద్ధమని బియ్యం, గుడ్డ, మేకులు అన్నిటి ధరా పెరిగింది. వడ్డి ముందర వడిగుర్రాలు పారవని పాలకొండలో ముసలివాళ్ళు అనేవారు. పెరిగిన ధరల వెనకాల, వడ్డీ వెనకాల గంగయ్య మూడేళ్ళు పరిగెత్తాడు. మనిషి ఎండిపోయాడు. రాత్రి తింటే పగలు తినేవాడు కాదు.

పదిహేడులో చెరకు డబ్బు వచ్చిన రోజు కొట్టు నుంచి తిరిగొచ్చి, చేతిలో మిగిలిన నాలుగు పౌన్లు చాప మీద పెట్టాడు. "అయిపోనాది ఈ ఏటికి," అన్నాడు.

కన్నమ్మ ఆ డబ్బు వైపు చూసింది. "ఇన్నేళ్ళూ కట్టినాం గదా మావా. ఎంత తగ్గినాది?"

"ఏటి తగ్గడం?"

"బాకీ."

గంగయ్య కాళ్ళు కడుక్కోవడానికి లేచి వెళ్ళాడు.

మర్నాడు అతను పొలానికి వెళ్ళాక కన్నమ్మ విత్తనానికి దాచిన కందుల బస్తా విప్పింది. ఆమెకి అక్షరాలు రావు. కాని కట్టిన ప్రతి డబ్బూ గుర్తే. గింజకి ఒక షిల్లింగు. ఇరవై గింజలు ఒక పౌను. మొదటి మూడేళ్ళకీ మూడు కుప్పలు పోసింది. గాలివాన ఏడుకి ఖాళీ చోటు వదిలింది. తరవాతి మూడేళ్ళకీ ఇంకా పెద్ద కుప్పలు పోసింది. అయిదేళ్ళ పిల్ల బసంతి ఆటనుకుని గింజలు లాగబోతే కసిరింది. మధ్యాహ్నానికి పదహారు వందల యాభై ఆరు గింజలు తేలాయి.

 పౌన్లంటే ఆమెకి ఎప్పుడూ దూరపు మాటే. షిల్లింగు అంటే మాత్రం తెలుసు. షిల్లింగు అంటే ఒక మగవాడు ఒక పొద్దు వంచిన నడుము. గిర్మిట్ అయిదేళ్ళలో వారానికి అయిదున్నర రోజుల చొప్పున చేసిన పని పద్నాలుగు వందల రోజుల పైచిలుకు. సర్దారు రోజూ అరిచి చెప్పేవాడు కాబట్టి ఆ లెక్క లైన్లలో పసిపిల్లలకి కూడా తెలుసు. ఈ ఇంటికోసం కట్టింది దానికంటే రెండు వందల రోజులు ఎక్కువ. ఇంకా యాభై రెండు పౌన్లు, అంటే వెయ్యి గింజల పైన, అలాగే ఉన్నాయి. ఒక్క గింజ తగ్గలేదు.

ఆమె కొట్టుకి బయలుదేరింది. పిల్లని చంకనేసుకుని రెండు మైళ్ళు ఎండలో నడిచింది.

"సేట్, మేమిలా ఎన్నేళ్ళు కడితే తీరిపోతాది?" అని తనకొచ్చిన విరిగిన హిందుస్తానీలో అడిగింది.

రామ్ లాల్ బియ్యం తూస్తున్నవాడు ఆగాడు. "అసలు కడితే అసలు తీరుతుంది బహిన్. వడ్డీ కడితే వడ్డీయే తీరుతుంది."

"అలాగైతే ఎప్పటికీ తీరదు గదా?"

"తీరదు."

"ఆ రోజు మాకు సెప్పనేదేం?"

అతను తరాజు కింద పెట్టాడు. అతని ముఖంలో వెటకారం లేదు. "మీరు నెలకెంత అని అడిగారు. చెప్పాను. ఎప్పటిదాకా అని అడగలేదు. ఈ కొట్టుకి వచ్చినవాళ్ళలో ఆ మాట అడిగింది నువ్వే."

దారి పొడుగునా ఆమెకి ఏడుపు రాలేదు. గిర్మిట్‌కి చివరి రోజొకటి ఉండేది. తోట మీద పెత్తనం చేసే కులంబర్ దొర ఎంత దుర్మార్గుడైనా ఆ రోజుని వెనక్కి జరపలేకపోయాడు. దీనికి ఆ రోజే లేదు. రేపు తాము పోతే బసంతి కడుతుంది, బసంతి పిల్లలు కడతారు.

ఆ సాయంత్రం మొగుడికి కందులు చూపించింది. చెప్పాల్సింది చెప్పి, "ఇల్లు ఇప్పీసి అమ్మీద్దాం మావా," అంది.

గంగయ్య చెయ్యెత్తాడు. ఆమెని ఎప్పుడూ కొట్టి ఎరగడు. ఆ చెయ్యి గాలిలోనే ఆగి, తన తల మీదకే దిగింది. "నీ కోసం కట్టినాను గదే," అన్నాడు. "నీ కోసమే గదే ఇదంతా."

"నాకు తెలుసు. అందుకే నానే అడుగుతున్నాను. కొంప పోతే కొంప పోద్ది. ఇలాగే ఉంటే నేల కూడా పోద్ది."

 నాలుగో రోజు గంగయ్యే వెళ్ళి రాందాస్‌ని పిలుచుకొచ్చాడు.

యుద్ధం వల్ల రేకులు రావడం ఆగిపోయి, పాత రేకు కూడా మూడింతల ధర పలుకుతోంది. వాళ్ళ పాడుకాలంలో కలిసొచ్చింది అదొక్కటే. రాందాస్ మేకు మేకూ వంకర పోకుండా లాగాడు. రేకులు, పలకలు, తలుపు, గొళ్ళెం అన్నీ కలిపి నలభై ఒక్క పౌన్లు. దున్నే ఎద్దుల జతనీ అమ్మితే పదకొండు. గొళ్ళెం కూడా పోతుంటే బసంతి దాన్ని పట్టుకుని వదల్లేదు, వేళ్ళు విడదీయాల్సి వచ్చింది. గంగయ్య యాభై రెండు పౌన్లు రామ్ లాల్ ముందు పెట్టి కౌలు కాగితం తెచ్చుకున్నాడు. నలభై పౌన్ల ఇంటికి కట్టింది మొత్తం నూట ముప్పై నాలుగు పౌన్ల పదహారు షిల్లింగులు. చేతిలో ఇల్లు లేదు.

సేరు మళ్ళీ మనుషులతో వచ్చి గుడిసె కట్టిచ్చాడు. ఈసారి యంగోనా దగ్గర ఎవరూ ఎక్కువ నవ్వలేదు.

ఎద్దుల్లేకుండా పది ఎకరాలు సాగేది కాదు. సగం రాందాస్‌కి పాలికిచ్చారు. గంగయ్య చెరకు ఆడే రోజుల్లో లౌతోకా మిల్లులో కూలికి పోయాడు. మళ్ళీ సర్దారు, మళ్ళీ ఈల. అయినా ఆ ఏడు మొదటిసారి వచ్చిన డబ్బంతా ఇంట్లోనే ఉంది. ఒక రోజు అతను బజారు నుంచి బసంతికి గాజులు, కన్నమ్మకి నీలం చీర తెచ్చాడు. ఆమె తిట్టింది. అతను నవ్వాడు. ఆ నవ్వు ఆమె ఏడేళ్ళుగా చూడలేదు.

పంతొమ్మిది వందల పద్దెనిమిది నవంబరులో దేశమంతా జ్వరాలు వచ్చాయి. మిల్లులో సగం మంది పడిపోయారు. గంగయ్య ఒక మధ్యాహ్నం వణుకుతూ నడిచొచ్చి చాప మీద పడ్డాడు. వానలు కూడా అప్పుడే మొదలయ్యాయి. గుడిసె కప్పు మూడు చోట్ల కారింది. కన్నమ్మ అతని చాపని ఈ మూల నుంచి ఆ మూలకి, అక్కడి నుంచి పొయ్యి పక్కకి లాగింది. ఎక్కడికి లాగితే అక్కడికే చుక్క వచ్చినట్టుండేది.

నాలుగో రోజు పొద్దున అతనికి కాస్త తెలివొచ్చింది. "ఎవులికీ బాకీ నేం గదా?" అని అడిగాడు.

"నేం మావా. ఎవులికీ నేం."

గంజి రెండు గుక్కలు తాగాడు. పొద్దు నెత్తి మీదకి రాకముందే పోయాడు. ఊరంతా జ్వరంతో పడుకుంటే మోసేవాళ్ళు కూడా దొరకలేదు. రాందాస్, సేరు, కన్నమ్మ ముగ్గురే మోశారు.

రేకుల ఇంట్లో ఉండి ఉంటే బతికేవాడా అన్న మాట ఆమెని వదల్లేదు. రాందాస్ ఓదార్చబోయాడు. "రేకుల ఇళ్ళల్లోనూ పోయారు భాభీ. రామ్ లాల్ ఇంట్లో ఇద్దరు పోయారు."

"అవును," అంది కన్నమ్మ. నమ్మిందో లేదో ముఖంలో తెలియలేదు. కందులతో తేలే లెక్క కాదది.

వారం తరవాత వాన తెరిపిచ్చింది. పాలికివ్వని అయిదెకరాల్లో గడ్డి మోకాలెత్తు పెరిగిపోయింది. కన్నమ్మ మొగుడి కత్తి తీసుకుని నూరింది. ఆరేళ్ళ బసంతిని గట్టు మీద కూర్చోబెట్టి, మొదటి సాలులోకి దిగింది.