నాయన చదివిన పేరు

పందొమ్మిది వందల యాభైల్లో మద్రాసులో ఎం.ఏ. చదువుతూ, ఈస్టిండియా కుంపిణీ కాలపు నేతగాళ్ల గురించి పరిశోధన వ్యాసం రాస్తున్నాను. మాది చింతాద్రిపేట నేత కుటుంబం. మా పూర్వీకుడు వెంకటప్ప దొరలను ఎదిరించాడని ప్రతి తద్దినం నాడూ నాయన చెప్పేవాడు.

రికార్డు ఆఫీసులోని పాత తెలుగు కాగితాలన్నీ గొలుసుకట్టు రాత. అక్షరాలు అల్లుకుపోయిన ఆ రాత నాకు కొరుకుడు పడలేదు. నాయనకు వచ్చు. అనుమతి తీసుకుని ఆయన్ను వెంటబెట్టుకెళ్లాను. ఉతికిన పంచె కట్టుకుని వచ్చాడు. ఆయన చదువుతుంటే నేను పెన్సిలుతో రాసుకుంటున్నాను.

“మగ్గాలు ఆపిన ఎనిమిది మందిని కొట్టించి ఖైదులో వేసినారు. వాళ్ల పేర్లు దొరకు చెప్పినవాడు...” అని ఆగాడు. తర్వాత అదే గొంతుతో “వెంకటప్ప” అని చదివాడు. ఇంటిపేరూ వీధీ మావే.

నేను పెన్సిలు కింద పెట్టాను.

“రాసుకోరా. ఈడ ఉండేది ఉండేట్టే రాయి” అన్నాడు.

ఆ తర్వాత ఏ తద్దినానికీ నాయన ఆ కథ ఎత్తలేదు. వ్యాసంలో ఆ పేరు రాశావా అని మాత్రం ఒకసారి అడిగాడు. రాశానన్నాను. వ్యాసం ఇంగ్లీషులో ఉంది, నాయనకు ఇంగ్లీషు రాదు.

ఆయన పోయి చాలా ఏళ్లయింది. ఆ పేరు కాగితం మీద పెట్టడం నాకు ఇదే మొదటిసారి.