తాళం తీయించిన కేసు

లాక్‌డౌన్ ఎత్తేసిన మరుసటి ఏడు. ముంబై పక్కన భివండిలో పవర్‌లూమ్‌లు, వలసొచ్చిన మా తెలుగువాళ్ల మాటలో సాంచాలు, మళ్లీ రాత్రింబవళ్లు ఆడుతున్నాయి. కామత్‌ఘర్‌లో సాంచా నడిపే రాజేశం డ్యూటీ దిగి, తలనిండా దూదితోనే నా ఆఫీసుకు వచ్చాడు.

"వకీల్‌సాబ్, మా మామ నా పెండ్లాన్ని కనేరిల ఇంట్ల వెట్టి తాళమేసిండు. ఫోన్ గుంజుకున్నడు. ఎట్లనన్న ఇడిపియ్యుండ్రి."

హెబియస్ కార్పస్ వేద్దామన్నాను. ఎవరినైనా అక్రమంగా నిర్బంధిస్తే, ఆ మనిషిని తెచ్చి తన ముందు నిలబెట్టమని హైకోర్టు ఆదేశించేందుకు వేసే పిటిషన్ అది. ఇంత చెప్పినా రాజేశానికి వినబడింది ఒక్కటే, తెచ్చి నిలబెడతారని. సాంచాల దగ్గర పనిచేసేవాళ్లకు చెవులు ఎలాగూ మందం. మా నాన్నా అంతే. దానికి ఆశ కూడా తోడైతే ఇక చెప్పేదేముంది!

పోలీసులు అతని భార్య లావణ్యను, ఆమె తండ్రిని కోర్టుకు తెచ్చారు. న్యాయమూర్తులు ఆమెతో ఒంటరిగా చాంబర్‌లో మాట్లాడారు. మరాఠీ బళ్లో చదివిన పిల్ల, దుబాసీ అవసరం పడలేదు. తర్వాత మమ్మల్ని పిలిచి చెప్పారు. తండ్రి తాళం వేసింది నిజమే, అది తప్పు. ఆమె మేజర్, ఇక తన ఇష్టమున్న చోటికి వెళ్లవచ్చు.

మేం అడిగిందంతా దక్కింది. రాజేశం నా చెయ్యి పట్టుకుని వదల్లేదు.

వరండాలో భార్య కనబడగానే అతను చెయ్యెత్తి వేళ్లు లోపలికి ఆడించాడు. కార్ఖానాలో ఆ చప్పుడుకి మాట వినబడదు, అన్నీ సైగలే. ఇటు రా అని దాని అర్థం. అక్కడ అతని సాంచాల పక్కనే కూర్చుని ఆమె నూలు కండెలు చుట్టేది.

లావణ్య అరచెయ్యి కిందికి తిప్పి మెల్లగా అదిమింది. మోటరు ఆపమని.

"కడుపు వోయిన నాడు గిట్లనే సైగ చేసిన. నువ్వు ఆపలే."

"ఆపితే సేఠ్ పనిలకెల్లి తీసేస్తడనుకున్ననే..."

"ఎరుకే. నాయినేసిన తాళం తీసిండ్రు. తీసినా నీ దగ్గరికి రాను."

తండ్రి ముందుకొచ్చాడు. "నడువ్ బిడ్డా, ఇంటికి వోదాం."

"నీ ఇంటికి గూడ రాను నాయినా. పూర్ణ ఊర్ల గోదాంల నా దోస్తు పనిచేస్తది. ఆమె రూముకు పోత."

మహిళా కానిస్టేబుల్ తోడు రాగా మెట్లు దిగి వెళ్లిపోయింది.

కోర్టులో ఓడినవాడు అక్కడే ఏడిస్తే, గెలిచినవాడు ఇంటికెళ్లి ఏడుస్తాడంటారు. రాజేశం ఇంటిదాకా ఆగలేదు. మామ పక్కనే బెంచీ మీద కూలబడి, "గెల్చినమా వకీల్‌సాబ్?" అని అడిగాడు. గెలిచామనే చెప్పాను.

అప్పటినుంచి పెళ్లాన్ని విడిపించమని ఎవరొచ్చినా ముందు ఒకటే అడుగుతున్నాను. "తాళం తీసినంక ఆమె రానంటే ఏం జేస్తవ్?"

చాలామంది కోపంగా లేచిపోతారు. ఒకతను మాత్రం లేవలేదు. "రాకుంటే రాకపాయె సార్. తాళమైతే తీయించుండ్రి," అన్నాడు.

అతని పిటిషన్ ఆ రోజే రాశాను.