తాళంచెవి అక్క

గ్యారేజీల వాళ్లందరికీ ఆమె తాళంచెవి అక్క. బండి రోగం కనిపెట్టే సాఫ్ట్‌వేర్ తెరుచుకోవాలంటే కంప్యూటర్‌కు బొటనవేలంత లైసెన్స్ కీ గుచ్చి ఉండాలి. అది మొరాయించిన చోటికల్లా ఆమె వెళ్తుంది. వెళ్లగానే దేన్నీ ముట్టుకోదు. కళ్లజోడు సర్దుకుని, చేతులు వెనక్కి కట్టుకుని, తెరను ఈ మూల నుంచి ఆ మూలదాకా చదువుతుంది.

ఆ ఉదయం ఒక గ్యారేజీలో, బండ్లను పైకెత్తే లిఫ్టు మీద అంబులెన్సు ఆగిపోయి ఉంది. తెర మీద "లైసెన్స్ చెల్లదు" అని ఉంది. "మా తమ్ముడి నిర్వాకం అక్కా! నిన్న కీ పీకి మళ్లీ పెట్టాడు, పాడుచేశాడు," అంటూ ఓనరు నిప్పు తొక్కిన కోతిలా చిందులేస్తున్నాడు. నలభై దాటిన తమ్ముడు తలెత్తకుండా స్పానర్లు తుడుస్తున్నాడు. కీ మీద దీపం నిలకడగా వెలుగుతోంది. అంటే కీ బాగానే ఉంది. ఆమె తెర మూలనున్న తేదీ చూసి నవ్వింది. "మీ కంప్యూటర్ పదేళ్లు వెనక్కి పోయింది. అప్పటికి ఈ లైసెన్స్ పుట్టనే లేదు!" లోపల గడియారాన్ని నడిపే గుండీ అంత చిన్న బ్యాటరీ అయిపోయింది. కొత్తది వేసి తేదీ సరిచేయగానే సాఫ్ట్‌వేర్ తెరుచుకుంది. ఓనరు ఆత్రంగా బండికి తగిలించే కేబుల్ అందుకోబోయాడు. ఆమె దానిమీద చెయ్యి వేసి ఆపింది. "తప్పు మీ తమ్ముడిది కాదు. ముందు ఆ మాట ఆయనకు చెప్పండి." ఓనరు గొంతు సవరించుకున్నాడు. "ఒరేయ్, తొందరపడి నోరు జారాను. ఇలా రా," అని కేబుల్ తమ్ముడి చేతికిచ్చాడు. "నువ్వే కలుపు."