కరుణమ్మ పెరట్లో హెదర్

కాలిఫోర్నియాలోని ఫ్రీమాంట్‌లో ఇల్లు కొనుక్కున్న ఏడాది, 1979లో, కరుణమ్మ క్రిస్మస్ ముందు ఒక మొక్కల నర్సరీకి వెళ్ళింది. ఆసుపత్రిలో నర్సు ఉద్యోగం ఆమెది. చుట్టుపక్కల తోటలన్నీ బోసిగా ఉన్న ఆ చలిలో, మోకాలెత్తయినా లేని ఒక పొద ఒంటినిండా గులాబిరంగు పూలు పూసి ఉంది. ఆకులు సూదుల్లా సన్నగా ఉన్నాయి. దాన్ని హెదర్ అంటారని చెప్పారు. నాలుగు కుండీలు తెచ్చుకుంది.

ఆమెది నరసాపురం. డెల్టా మట్టిలో పెరిగిన మనిషికి మొక్కమీద ప్రేమంటే ఎరువే. పశువుల ఎరువు సంచులకొద్దీ తెచ్చి కుదుళ్ళలో దట్టించి, పూటపూటా నీళ్ళు పోసింది. వేసవికల్లా నాలుగూ చచ్చిపోయాయి. ఎండుకొమ్మ పట్టుకెళితే నర్సరీ ఆవిడ విరిచి చూసి, దీనికి తిండి ఎక్కువైంది, బలమైన నేల పడదు, నీరు నిలిచే జిగటమట్టి అసలే పడదు అంది. కరుణమ్మ నొచ్చుకోలేదు. వార్డులో పథ్యం రోగులను రోజూ చూస్తూనే ఉంది. ఇదీ ఆ బాపతే అనుకుంది.

భర్త జోసఫ్ చేత మడి మెరక చేయించి, ఇసుకా, పీట్ అనే ఎండు నాచుపొట్టూ కలిపించి, కొత్త మొక్కలు తెచ్చి నాటింది. చర్చి వెనక రాలిన పైన్ ఆకులు ఏరి తెచ్చి పైన పరిచింది. పూలు వాడగానే పచ్చని చివళ్ళు మాత్రం కత్తిరించేది. ముదురు కొమ్మ కోస్తే హెదర్ మళ్ళీ చిగురు వేయదు. నాలుగేళ్ళలో మడి నిండింది.

1984లో జోసఫ్ తల్లి సువార్తమ్మ నరసాపురం నుంచి వచ్చింది. సెప్టెంబరులో ఒకరోజు కరుణమ్మ డ్యూటీ దిగి వచ్చేసరికి పెరటి సిమెంటు గచ్చు అద్దంలా ఉంది. అత్తగారి చేతిలో కొత్త చీపురు ఉంది. మడిలో, కంచె పక్కనున్న ఒక్క పొద తప్ప అన్నీ మోళ్ళు.

"ఇంట్లో ఒక్క చీపురూ లేదు కదమ్మా. పూతా కాతా లేని తుప్పలేగా అని కోశాను. బాగా కుదిరింది."

కరుణమ్మ యూనిఫాంలోనే మడి దగ్గర కూలబడింది. "ఇవి మళ్ళీ చిగురించవు అత్తయ్యా."

"ఎందుకు చిగురించవు? తుమ్మచెట్టు మొదలంటా నరికినా చిగురిస్తుంది."

"ఇది తుమ్మచెట్టు కాదు."

ఆ రాత్రి భోజనాల దగ్గర జోసఫ్, "వీకెండ్‌లో డ్రైవ్ చేసుకుని వెళ్ళి కొత్తవి కొందాంలే" అన్నాడు. సువార్తమ్మ సగం అన్నంలో చెయ్యి కడిగేసుకుంది.

తెల్లవారి లేచి చూస్తే ఆవిడ మడిలో గొంతుక్కూచుని పైన్ ఆకులు తొలగిస్తోంది. కత్తికి అందకుండా నేలమీద పడున్న రెమ్మలు కొన్ని ఆ ఆకుల కింద అప్పటికే వేళ్ళు తొడిగి ఉన్నాయి.

"ఇటు చూడు కరుణా. మల్లెకి అంటు తొక్కుతామే, అలాగే పట్టుకున్నాయి."

"లాగకండి. వేళ్ళు మరీ పైపైన ఉంటాయి."

"నాకు తెలీదా?" అని, ఆగి, "నువ్వే తియ్యి" అంది.

ఇద్దరూ కలిసి ఆ రెమ్మలను మట్టితోసహా విడదీసి నాటారు. మిగిలిన ఒక్క పొద కొమ్మలు సువార్తమ్మ వంచి, మట్టి కప్పి, రాళ్ళు పెట్టి అంట్లు తొక్కింది. వీసా పొడిగించుకుని వేసవిదాకా ఉంది. నీళ్ళు కరుణమ్మ వంతు, కలుపు ఆవిడ వంతు. చీపురు మాట ఇద్దరూ ఎత్తలేదు. ఆవిడ ఊరికి వెళ్ళేనాటికి పిల్లమొక్కలు ఒక వరస అయ్యాయి.

1987 జనవరిలో అవి నిండుగా పూశాయి. ఒక ఆదివారం రాత్రి నరసాపురానికి ఫోన్ కలిసింది.

"పూశాయి అత్తయ్యా. మీరు తొక్కిన అంట్లే ముందు పూశాయి."

లైను గరగరల మధ్యనుంచి "ఏ రంగు?" అని అడిగింది సువార్తమ్మ. ఆవిడ అక్కడున్నన్నాళ్ళూ ఆ మొక్కలకు పూలు చూడలేదని కరుణమ్మకు అప్పుడు గుర్తొచ్చింది. వేళ్ళు బాగా పట్టాలని ఆ చలికాలం మొగ్గలన్నీ విచ్చకముందే తనే తుంచేసింది.

"గులాబిరంగు" అంది.