పక్కింటి అత్త అరుపు

నా చిన్నప్పుడు చౌటుప్పల్ దగ్గర మా మగ్గాల వాడలో పగలంతా చప్పుడే. ఇంటింటా మగ్గం ఆడుతుంటే పక్కనున్న మనిషి మాట కూడా వినపడేది కాదు. మా నాయిన అమ్మను కొట్టేది ఆ చప్పుడులోనే. అమ్మ నోట్లో కొంగు కుక్కుకునేదే తప్ప కిక్కురుమనేది కాదు. నలుగురికీ తెలిస్తే పరువు పోతుందని ఆమె భయం. నాకూ అదే నేర్పింది. నేను మూలన ముడుచుకుని నోరు మూసుకునేదాన్ని.

మా పక్కింటి అత్త మద్రాసు వెళ్లి సినిమాల్లో వేషాలు వేసి, పని లేక తిరిగొచ్చిన మనిషి. సినిమాకు మాటలొచ్చిన కొత్తలో వెళ్లిందట. ఆమెకు దొరికినవన్నీ దెబ్బలు తినే వేషాలే. ఒకదాంట్లో జుట్టు పట్టి ఈడ్చారు, ఇంకోదాంట్లో గొంతు పిసికారు. ఒక్క సినిమాలోనూ చివరిదాకా బతకనివ్వలేదు పాపం. చప్పుడు మైకులో పడాలని చెంపదెబ్బలు నిజంగానే కొట్టేవారట. పైగా కథానాయికకు అరవడం చేతకాకపోతే ఈమెను తెరచాటున నిలబెట్టేవారు. అక్కడ ఆమె నోరు తెరిస్తే ఇక్కడ ఈమె అరవాలి. తర్వాత శబ్దాన్ని విడిగా పట్టడం వచ్చాక, ఒకసారి పట్టిన ఆ అరుపునే సినిమా తర్వాత సినిమాకు వాడుకున్నారు. ఇక మనిషితో పనేముంది? మా వాడ వాళ్లు ఆమెను చాటుగా వెక్కిరించేవాళ్లు కానీ, నాకు మాత్రం అత్తంటే ప్రాణం.

ఒక రోజు పడుగులో పోగులు తెగాయని నాయిన మగ్గం గుంటలోంచి ఊగిపోతూ లేచాడు. అమ్మ మెడ పట్టుకుని తలను గుంజకేసి కొట్టాడు. మళ్లీ కొట్టాడు. రక్తం చిమ్మి తెల్లటి నూలు మీద పడింది. అమ్మ కళ్లు తేలేసింది. అయినా నోట్లో కొంగు తియ్యలేదు. నాయిన మూలనున్న కట్టె అందుకున్నాడు. ఈసారి చంపేస్తాడని నాకు అర్థమైంది.

మా మగ్గం ఒక్కటే ఆగిందని ఎలా కనిపెట్టిందో, అత్త వచ్చి గడపలో నిలబడింది. కట్టె అమ్మ వీపు మీద పడింది. అరుపు అత్త నోట్లోంచి వచ్చింది.

"ఓ అవ్వా! సంపుతుండు! నన్ను సంపుతుండు!"

నాయిన బిత్తరపోయి, ఇంకో దెబ్బ వేశాడు. దెబ్బతోపాటే మళ్లీ అరుపు, ఒళ్లు జలదరించేలా. "నీకేమైందే లంగముండా!" అంటూ కట్టె ఆమె మీదికి విసిరాడు. అది తగిలి కనుబొమ చిట్లింది. రక్తం కంట్లోకి కారుతున్నా అత్త అరుపు ఆపలేదు. వాడలో మగ్గాలు ఒక్కొక్కటే ఆగాయి. మగవాళ్లు ఉరికొచ్చి నాయిన రెక్కలు విరిచి పట్టుకున్నారు.

దవాఖానలో తలకు కుట్లు వేయించుకుని వచ్చాక అమ్మ అత్తతో మాట్లాడిన మొదటి మాట ఇది: "నా ఇజ్జత్ బజార్ల పెట్టినవ్ గద వదినె! మల్ల నా గడప తొక్కకు."

అత్త కట్టు కట్టిన కన్నుతోనే నవ్వింది. "తిట్టు పిల్లా, మంచిగ తిట్టు. నీ నోరు లేస్తాంది, నాకు గదే సాలు."

ఆ తర్వాత నాయిన చెయ్యెత్తలేదని అనను. ఎత్తేవాడు, అత్త ఇంటి గోడవైపు చూసేవాడు, పళ్లు కొరుకుతూ దించేవాడు. అమ్మ మాత్రం కొన్నేళ్లు అత్తతో పలకలేదు.

ఇప్పుడు మా పైపోర్షన్‌లో మందుల ఫ్యాక్టరీకి పోయే మొగుడూపెళ్లాలు కిరాయికి ఉంటున్నారు. పైన ధన్‌మని చప్పుడు కాగానే నేను మెట్ల కింద నిలబడి, ఈ ముసలి గొంతు చీరుకుపోయేలా అరుస్తాను. గల్లీ అంతా బయటికొస్తుంది. ఆ పిల్లకు నా మీద ఒళ్లు మంట. పొద్దున డ్యూటీకి పోతూ నన్ను చూసి విసురుగా ముఖం తిప్పుకుంటుంది. తిప్పుకున్న ఆ ముఖం కనపడితే చాలు, నాకు ప్రాణం లేచొస్తుంది.