కొసరు ఒప్పుకోని బొమ్మలు

వికారాబాద్‌లో ఫ్లెక్సీలు కొట్టే దుకాణం నాది. మనిషి మొహాన్ని తలుపంత చేసి రోడ్డు మీద నిలబెట్టడం నా బతుకుతెరువు. అలాంటి నా ముందు మా తమ్ముడి కూతురు కూర్చుని, "అత్తా, గీ బొమ్మ కందిగింజంత కావాలె" అన్నప్పుడు నేను నవ్వాను. ఆ నవ్వు ఆ శనివారంతోనే ఆఖరు.

పిల్ల డిగ్రీ అయ్యాక రెండేళ్లు కూర్చుని కంప్యూటర్‌లో ఒక ఆట తయారుచేసింది. తాండూరులో మా ఇంటి బండల నేల మీద మా అమ్మ సుద్దముక్కతో గళ్లు గీసి గవ్వలతో ఆడే పచ్చీసు, అచ్చం అలాగే. దాన్ని ఇంటర్నెట్‌లో ఆటలమ్మే ఒక పెద్ద షాపులో పెడుతోంది. కొన్నవాళ్ల కంప్యూటర్‌లో లైబ్రరీ అని ఒకటి ఉంటుందట. బట్టల దుకాణం అలమరలో చీరల మడతల్లా వాళ్లు కొన్న ఆటలన్నీ అక్కడ వరసగా నిలబడి ఉంటాయట. ఆ వరసలో మన ఆట ఏ మొహంతో నిలబడాలో మనమే ఇవ్వాలి.

ఆ షాపువాళ్లు ఏడాదికొకసారి, ఒక్క వారం, ఇలాంటి బోర్డు ఆటలన్నింటినీ ముందు వరసలో పెట్టి చూపిస్తారు. శుక్రవారం సాయంత్రానికి బొమ్మలన్నీ వాళ్ల పరిశీలనలో పాసైతేనే అందులో చోటు. తప్పితే రెండేళ్ల పని వేల ఆటల అడుగున పడిపోతుంది. పిల్ల ఇదంతా చెబుతూ తన నోటుపుస్తకం నా ముందుకు జరిపింది. అందులో కొలతలున్నాయి. ఆరు వందల పిక్సెళ్ల అడ్డం, తొమ్మిది వందల నిలువు, అది మా అమ్మ బొమ్మతో కవరు. మూడు వేల ఎనిమిది వందల నలభై అడ్డం, పన్నెండు వందల నలభై నిలువు, అది ఆట పేజీ తెరవగానే పైన పరుచుకునే వెనక బొమ్మ. ఆట పేరు విడిగా, వెనక ఏ రంగూ లేకుండా. చివరికి ముప్పై రెండుకి ముప్పై రెండు, అది ఐకాన్. కందిగింజ.

"గిన్నెందుకే? ఒక్కటి మంచిగ చేసిస్త. దాన్నే గుంజి అన్నిట్ల పెట్టుకో."

"నిలువు బొమ్మను అడ్డం గుంజితే నాయనమ్మ మొహం జొన్నరొట్టె లెక్కైతదత్తా."

"వాళ్లడిగినన్ని ఇస్తరా ఎవలన్న? రెండిద్దాం. ఊకుంటరు."

"ఎవలు ఊకుంటరు? గది ఫారం. బేరమాడనీకి అవతల మనిషే లేడు."

తాండూరు బజారులో మా నాయన బట్టల దుకాణం గద్దె మీద పెరిగినదాన్ని. కన్నడంలో అడిగినవాళ్లకు కన్నడంలో, ఉర్దూలో అడిగినవాళ్లకు ఉర్దూలో "గిట్టదు" అనడం పదేళ్లకే నేర్చాను. కూరగాయల దగ్గర, ఆటోల దగ్గర, ఆస్పత్రిలో కూడా బేరమాడి పరువు పోగొట్టుకున్న మనిషిని. అవతల మనిషే లేకుండా కొలత చెప్పేసి తలుపేసుకునే చోటు ఒకటుందని వినడం నాకు అదే మొదలు.

దాంతో నా బేరం పిల్ల మీదికి తిప్పాను. "చేస్త గనీ, ప్రతి బొమ్మ మూలకు మన దుకాణం పేరు, ఫోన్ నంబరు ఉండాలె." ఏ ఫ్లెక్సీ కింది అంచున చూసినా కొట్టినవాడి పేరు, నంబరు ఉంటాయి. అది మా వృత్తి హక్కు. దండ వేసుకున్న నాయకుడి పాదాల కిందైనా సరే, మా నంబరుకు చోటు దొరుకుతుంది.

"వద్దత్తా. వెనక బొమ్మల అసలు రాతే ఉండొద్దన్నరు."

"సరే సరే" అన్నాను. నా నోట సరే రెండుసార్లు వచ్చిందంటే బేరం ఇంకా నడుస్తున్నట్టు. పాపం, పిల్లకు అది తెలియదు.

ఆదివారం మధ్యాహ్నానికి కవరు తయారైంది. ఎక్కించబోతే ఆ ఫారం ఎర్రక్షరాలతో వెనక్కి కొట్టింది. మళ్లీ ఎక్కించాం. మళ్లీ కొట్టింది. పిల్ల కొలత చూసి నా వైపు తిరిగింది.

"అత్తా, ఆరు వందల ఆరు ఎందుకున్నది?"

"కొసరు."

"ఏందీ?"

మా నాయన బట్ట కొలిచాక, కత్తెర వేసే ముందు, చేతిని ఒక బెత్తెడు ముందుకు జరిపేవాడు. నాలుగు వేళ్ల వెడల్పు గుడ్డ ఊరికే పోయేది, మనిషి మళ్లీ వచ్చేవాడు. కరెక్టుగా కొలిచి ఇవ్వడం మా ఇంట్లో తిట్టుతో సమానం. అందుకే నేను అడ్డానికి ఆరు, నిలువుకి తొమ్మిది కలిపాను. తక్కువిస్తే తప్పుగానీ ఎక్కువిస్తే కాదనేవాడెవడు?

"మర్యాదకు కొసరేసినవా!" పిల్ల పొట్ట పట్టుకుని నవ్వింది. "నువ్వు ప్రేమతోటి ఇచ్చినా తీసుకోదత్తా. ఒక్క పిక్సెల్ ఎక్కువైనా ఒద్దంటది, తక్కువైనా ఒద్దంటది."

ఉచితంగా ఇచ్చింది వద్దన్న షాపును పుట్టి బుద్ధెరిగాక చూడలేదు. కత్తిరించాను. నా ఒంట్లోంచి కత్తిరించినట్టే అనిపించింది.

తర్వాత ఐకాన్. అందులో అమ్మ ఫోటో పెట్టాను, పచ్చీసు గళ్లు పెట్టాను, నాలుగు గవ్వలు, పైన ఆట పేరు. పెద్దగా చూస్తే పెళ్లిపందిరిలా ఉంది. దాన్ని ముప్పై రెండుకి కుదించి చూడగానే "అమ్మా!" అని గట్టిగా అరిచాను. అమ్మ మొహం ఉండాల్సిన చోట గోధుమరంగు మరక. గవ్వలు రాలిన మెతుకులు. పేరు ఎక్కడుందో దేవుడికే తెలియాలి. ఒక మనిషి అంత చిన్నదైపోవడం నేనెప్పుడూ చూడలేదు. నా దగ్గర మనుషులు పెరుగుతారే తప్ప తరగరు.

"అందరినీ ఎక్కించనీకి గిది బర్త్‌డే ఫ్లెక్సీ కాదత్తా" అంది పిల్ల.

నిజమే. మా వృత్తిలో ఇరవై మొహాలకు ఒక్కటి తగ్గినా దుకాణం ముందు గొడవ. ఎవరినీ వదలకుండా ఇరికించడమే నాకు వచ్చిన విద్య. ఆ మరకను చూస్తూ చూస్తూ ఉంటే మా నాయన గుర్తొచ్చాడు. దుకాణం గుమ్మానికి ఏ చీర వేలాడదీయాలో తేల్చడానికి ఆయన రోడ్డు దాటి అవతల నిలబడి చూసేవాడు. దగ్గరగా ఎంత పనితనం ఉన్నా లెక్క లేదు, అవతలి గట్టు నుంచి చూస్తే తెలిసే చీరే గుమ్మానికి.

పిల్లను ఐకాన్ ఉన్న ఫోన్ పట్టుకుని దుకాణం మెట్ల మీద నిలబెట్టి నేను రోడ్డు దాటాను. ఒక బస్సు పోయింది, రెండు ట్రాక్టర్లు పోయాయి.

"ఏం కనిపిస్తుందత్తా?"

"ఏం లేదు! పేరు తియ్!"

తీసింది. మళ్లీ చూపింది.

"గళ్లు తియ్!"

ఇంకా మరకే.

"నాయనమ్మను తియ్!"

పక్కన సైకిల్ దిగుతున్న పెద్దమనిషి ఆగి నన్ను ఎగాదిగా చూశాడు. నేను పట్టించుకోలేదు. నాలుగు గవ్వలు మూడయ్యాయి, ఒకటయ్యింది. నల్లటి బండరంగు మీద ఒక్క తెల్ల గవ్వ, నోరు మన వైపు. రోడ్డు అవతల నుంచి గవ్వే అని తెలిసింది. మా అమ్మను పంపించేస్తే తప్ప అమ్మ ఆట కనపడలేదు. ఆ దిగ్భ్రమలోనే రోడ్డు మళ్లీ దాటాను.

ఇక వెనక బొమ్మ. తమ్ముడు ఫోన్లో పంపిన ఫోటోలోంచి గవ్వలు పట్టుకున్న అమ్మ చేతిని తీసుకుని నాలుగు వేల దాకా సాగదీశాను. ఆధార్ కార్డు ఫోటోను పదడుగులు చేసినదాన్ని, ఇదెంత అనుకున్నాను. చెయ్యి ఇటుకల గోడయిపోయింది. ఫ్లెక్సీని మనిషి రోడ్డు మీద పోతూ చూస్తాడు, ఇటుకలు కంటికి ఆనవు. ఇక్కడ ఆడేవాడు మూరెడు దూరంలో కూర్చుంటాడు. ఫోన్లో వచ్చిన ఫోటో దారిలోనే సగం చిక్కిపోయి ఉంటుందని పిల్ల చెప్పింది. అమ్మ తాండూరులో ఉంది. సోమవారం పంపేయాలి. అందుకని నా దుకాణం నేల మీదే, అదీ తాండూరు బండే కదా, గవ్వలు నా చేతిలో పట్టుకుని చాపాను. పిల్ల మంచి కెమెరాతో తీసింది.

చెయ్యి నడిమధ్యలో ఉండాలి, ఎందుకంటే కంప్యూటర్ తెర మీద కిటికీ చిన్నదైతే అంచులు తెగిపోతాయి. అటూ ఇటూ ఖాళీ బండ. అంత ఖాళీ జాగాను ఊరికే వదిలేయడం చూసి నా చేతులు దురద పెట్టాయి. పిల్ల చాయ్ తాగడానికి లేవగానే కుడి మూల కింద, బూడిదరంగు మీద బూడిదరంగుతో, చీమల్లాంటి అక్షరాలలో దుకాణం పేరు, ఫోన్ నంబరు వేశాను. అది నేనైనా వెతుక్కోవాల్సిందే. పిల్ల వచ్చి, చూసి, మెచ్చుకుని, పంపేసి, ఇంటికి వెళ్లిపోయింది.

బుధవారం పొద్దున్నే పిల్ల తాండూరు నుంచి రైల్లో వచ్చి దుకాణం మెట్ల మీద నిలబడింది. నవ్వు లేదు. ఫోన్ నా చేతిలో పెట్టింది. వెనక బొమ్మలో రాత ఉంది, తీసి మళ్లీ పంపండి, అని ఉంది. కింద నా బొమ్మ. మూలన ఎర్రటి సున్నా. సున్నా మధ్యలో నా ఫోన్ నంబరు.

అవతల మనిషే లేడనుకున్నాను. ఉన్నాడు. బూడిద మీద బూడిదను కూడా వదలకుండా చూసే మనిషి.

"ఎందుకు చేసినవత్తా?"

"చిన్నగనే..."

"నీ నంబరు జూసి ఎవలు ఫోన్ చేస్తరనుకున్నవ్? జపాన్‌లకెళ్లి బర్త్‌డే ఫ్లెక్సీ కొట్టమంటరా?"

తప్పదు, ఒప్పుకుంటున్నాను, ఒక్క క్షణం ఆ ఫోన్ వస్తే ఏ భాషలో మాట్లాడాలా అని ఆలోచించాను. అంతలో పిల్ల మొహం చూశాను. కళ్లలో నీళ్లు లేవు. ఏడ్చినా బాగుండేది.

"చూడనీకి రెండ్రోజులు పడుతదట. శుక్రారం సాయంత్రం ఆఖరు. రెండేండ్లత్తా."

చెరపడానికి అర నిమిషం కూడా పట్టలేదు. ఆమె కళ్ల ముందే చెరిపి, మూలలన్నీ పెద్దవి చేసి చూపించి, పంపించాం. "వాళ్లకు జర నచ్చజెప్పి రాద్దామా, తొందరగ చూడమని?" అన్నాను. పిల్ల నా వైపు చూసిన చూపుకి మాట మింగేశాను. ఫోన్ తీసుకుని స్టేషన్‌కు వెళ్లిపోయింది.

గురువారం రెండు ఫ్లెక్సీలు తప్పుగా కొట్టాను. ఒకదాని మీద నా నంబరు వేయడం మర్చిపోయానని కొట్టించుకున్నవాడు తీసుకుపోయాక తెలిసింది, విచిత్రంగా ఏమీ అనిపించలేదు. శుక్రవారం మధ్యాహ్నం షట్టరు దించి తాండూరు రైలెక్కాను. ధారూర్‌లో ఆగినప్పుడు పిల్లకు ఫోన్ చేయబోయి మానేశాను. ఏమడుగుతాను?

ఇంట్లో అమ్మ నేల మీద గళ్లు గీసుకుని ఒక్కతే రెండు వైపులా ఆడుకుంటోంది. పిల్ల కంప్యూటర్ ముందు. నన్ను చూసి "రా" అంది, అంతే. నేను గోడకు ఆనుకుని కూర్చున్నాను. నాలుగయ్యింది. నాలుగున్నర దాటింది. అమ్మ గవ్వలు వేస్తూనే ఉంది.

"అత్తా."

ఆ గొంతు విని, అయిపోయింది, పోయింది అనుకున్నాను. లేచి చూశాను. అన్నింటికీ పచ్చ టిక్కులు. కవరుకి, పేరుకి, గవ్వకి, వెనక బొమ్మకి. నమ్మకం కలగక ఒక్కో టిక్కునూ వేలితో తాకి లెక్కపెట్టాను. పిల్ల కుర్చీలో వెనక్కి వాలి మొహం మీద రెండు చేతులూ కప్పుకుంది.

అమ్మకు ముందు ఐకాన్ చూపించాం. అద్దాలు ముక్కు కొసకు జార్చి, ఫోన్ చేయి చాపినంత దూరం పట్టుకుని చూసి "గవ్వ" అంది. ఒకటే మాట. తర్వాత పిల్ల కంప్యూటర్‌లో వెనక బొమ్మ తెరిచింది. తెర నిండా బండ, నడిమధ్య చెయ్యి.

అమ్మ అద్దాలు పైకి తోసుకుని చూసింది.

"గీ చెయ్యి ఎవలది?"

"నీదే అనుకోరాదే అమ్మా" అన్నాను.

"నేను గవ్వలు గట్ల వట్టుకోను. బొటనేలు జూడు, బట్ట కొలిచినట్టు ముంగటికి జరిగింది. గిది నీ చెయ్యి."

పిల్ల తెర దగ్గరికి వంగింది. ఫోటో తీసింది తనే, అయినా మొదటిసారి చూస్తున్నట్టు చూసింది. బుధవారం తర్వాత అప్పుడు నవ్వింది. "పేరు పెట్టొద్దంటే తెర నిండ చెయ్యే పెట్టినవు గదత్తా!"

ఒట్టు, నాకు ఆ క్షణం దాకా తోచలేదు. నాలుగు వేల పిక్సెళ్ల వెడల్పున నా ఉంగరం, నా గాజులు, మా నాయన నేర్పిన బెత్తెడు. మూల కోసం అంత దొంగతనం చేసినదాన్ని, నడిమధ్యను చూసుకోనేలేదు.

"నా ఆట, నా చెయ్యుండాలె. మార్చుండ్రి" అంది అమ్మ.

"ఇప్పుడు మారిస్తే మళ్ల రెండ్రోజులు చూస్తరు నాయనమ్మా. టైమైపోయింది."

"పోనీ, ఒక్క ఏలన్న నాది పెట్టుండ్రి."

"అడగనీకి అవతల మనిషి లేడు నాయనమ్మా."

"ఎందుకుండడు? మొన్న గా నంబరుకు సున్న సుట్టినోడు లేడా? ఆన్నే అడుగు" అంటూ అమ్మ గాజులు మోచేతి దాకా తోసుకుని, నాలుగు గవ్వలు పట్టుకుని, ఫోటోకి బండ మీద చెయ్యి చాపింది.